యానాం చేతులు మారిన నాటి ఫ్రెంచి ప్రధాని పియేర్ మెండెస్ ఫ్రాన్స్

మన పూర్వీకులలో చాలామంది ఓడ ఎక్కిన కోరంగి రేవుకు దగ్గరలోనే, గౌతమీ గోదావరి ఒడ్డున, యానాం అనే చిన్న ఊరు ఉన్నది. కోరంగి ఇంగ్లీషువారి ఏలుబడిలో ఉండగా యానాం ఫ్రెంచివారి చేతిలో ఉండేది. మారిషస్‌లో మనవారిని కోరంగీలని పిలిచేవారన్న సంగతి మన పెద్దలందరికీ తెలిసినదే. మన పక్కనున్న రీయూనియన్ దీవికి ఇంకా బూర్బన్ అనే పేరే ఉన్న రోజుల్లో, 1828 ప్రాంతంలో, అక్కడికి కూలి ఒప్పందాల మీద మొదటగా వెళ్లిన భారతీయులు యానాం నుంచి వెళ్లిన తెలుగువారే. కనుక ఆ ఊరి కథ మనకు పరాయి కథ కాదు.

ఆ యానాం 1954 నవంబరు 1వ తేదీన పాండిచ్చేరి, కారైకాల్, మాహేలతో పాటు భారతదేశం చేతికి వచ్చింది. ఆ రోజున పారిస్‌లో ప్రధానమంత్రి పీఠం మీద ఉన్నవారు పియేర్ మెండెస్ ఫ్రాన్స్. జనరల్ డీగాల్ పేరు మన ఇళ్లలో చిన్నపిల్లలకు కూడా తెలుసు. మెండెస్ ఫ్రాన్స్ పేరు అంతగా వినబడదు. ఆయన పదవిలో ఉన్నది ఏడున్నర నెలలే. అయినా ఫ్రాన్సు దేశంలో పాతికేళ్లు పదవులు వెలగబెట్టినవారి కంటే ఆయననే ఎక్కువగా తలచుకునేవారు ఈనాటికీ ఉన్నారు. ఆ ఏడున్నర నెలలలో ఆయన ఏమి చేశారో, ఏమి చేయలేకపోయారో చెప్పడమే ఈ వ్యాసం ఉద్దేశం.

ఆయన 1907 జనవరి 11న పారిస్ నగరంలో జన్మించారు. తండ్రి స్త్రీల దుస్తులు కుట్టించి అమ్మే వ్యాపారి. వారిది పోర్చుగల్ నుంచి 17వ శతాబ్దంలో వలస వచ్చి బోర్డో నగరంలో స్థిరపడిన యూదు వంశం. మెండెస్ ఫ్రాన్స్ అనే రెండు మాటలూ కలిపి వారి ఇంటిపేరు. ఇంటిపేరులోనే దేశం పేరు ఉన్న మనిషిని పట్టుకొని, నీవు అసలు ఫ్రెంచివాడివేనా అని జీవితమంతా ప్రత్యర్థులు వేధించారు. మన తాతముత్తాతల ఇంటిపేర్లు వలస కాగితాలలో ఎట్లా తారుమారై పోయాయో తెలిసిన మనకు ఈ బాధ కొంత అర్థమవుతుంది.

చదువులో ఆయన అందరికంటే ముందు నడిచారు. పదహారో ఏటనే రాడికల్ పార్టీలో చేరారు. న్యాయవాది పట్టా పుచ్చుకున్ననాటికి దేశంలో అంతకంటే చిన్న వయసు న్యాయవాది లేరు. పుఆంకారే ప్రభుత్వం ఫ్రాంకు విలువను ఎట్లా నిలబెట్టిందన్న విషయం మీద పరిశోధన వ్రాశారు. లెక్కల మీద, డబ్బు నడక మీద ఆయనకున్న పట్టు ఆనాటి రాజకీయులలో చాలా అరుదు. 1932లో నార్మండీ ప్రాంతంలోని ఎర్ జిల్లా నుంచి పార్లమెంటుకు ఎన్నికైనప్పుడు ఆయన వయసు 25 ఏళ్లు. ఆ సభలో ఆయనే అందరికంటే చిన్నవారు. 1935లో అదే జిల్లాలోని లూవియే పట్టణానికి మేయరు అయ్యారు. 1933లో కైరో నగరానికి చెందిన లిలీ సికురెల్‌ను వివాహమాడారు. వారికి ఇద్దరు కుమారులు.

1936లో హిట్లరు రాజ్యంలో, బెర్లిన్‌లో, ఒలింపిక్ క్రీడలు జరుగనున్నాయి. ఫ్రాన్సు క్రీడాకారులను పంపడానికి డబ్బు మంజూరు చేయాలని సభలో ప్రస్తావన వచ్చింది. కుడిపక్షం వారు అవునన్నారు. ఎడమపక్షంలో ఎక్కువమంది ఓటు వేయకుండా ఊరుకున్నారు. కాదని ఓటు వేసిన ఒకే ఒక్క సభ్యుడు మెండెస్ ఫ్రాన్స్. అప్పటికి ఆయనకు 29 ఏళ్లు. మరి రెండేళ్లకు, 1938 వసంతంలో, లియాన్ బ్లూమ్ రెండవ మంత్రివర్గంలో ఖజానా వ్యవహారాల ఉపమంత్రి అయ్యారు. ఆ మంత్రివర్గం ఒక నెల కూడా నిలువలేదు.

యుద్ధం వచ్చింది. ఆయన వైమానిక దళంలో లెఫ్టినెంటుగా ఉన్నారు. 1940 జూన్‌లో ఫ్రాన్సు ఓడిపోయినప్పుడు, ఉత్తర ఆఫ్రికా నుంచి యుద్ధం సాగించవచ్చునన్న ఆశతో మరికొందరు పార్లమెంటు సభ్యులతో కలిసి మసీలియా అనే ఓడ ఎక్కి కాసాబ్లాంకా చేరారు. మార్షల్ పెతేన్ ప్రభుత్వం వారిని పారిపోయినవారిగా చిత్రించింది. మెండెస్ ఫ్రాన్స్‌ను మొరాకోలో అరెస్టు చేసి, క్లెర్మాన్ ఫెరాన్ పట్టణంలోని సైనిక న్యాయస్థానం ముందు నిలబెట్టారు. 1941 మే 9న సైన్యం విడిచి పారిపోయాడన్న నేరం మోపి ఆరేళ్ల జైలుశిక్ష వేశారు. పోరాడడానికి వెళ్లినవాడికి పారిపోయినవాడన్న పేరు! దాని వెనుక యూదు ద్వేషం ఉన్నదన్న విషయం దాచితే దాగేది కాదు.

నెలన్నర తిరగకముందే, జూన్ 21 రాత్రి, ఆయన తప్పించుకున్నారు. ఆ రాత్రి జరిగిన ఒక తమాషా సంగతిని ఆయన చాలా ఏళ్ల తరువాత, 1969లో మార్సెల్ ఓఫుల్స్ తీసిన ప్రసిద్ధమైన డాక్యుమెంటరీ చిత్రంలో నవ్వుతూ చెప్పారు. గోడ ఎక్కి దూకబోతుండగా, కింద చెట్టు నీడలో ఒక ప్రేమికుల జంట కనిపించింది. అబ్బాయి బతిమాలుతున్నాడు. అమ్మాయి ఒక పట్టాన ఒప్పుకోవడం లేదు. వారు కదిలేదాకా ఈయన గోడ మీదనే బిక్కుబిక్కుమంటూ కూర్చోవలసి వచ్చింది. ఆమె చివరకు సరేనన్నప్పుడు ఆ అబ్బాయి కంటే తానే ఎక్కువ సంతోషించానని ఆయన చెప్పుకున్నారు. ప్రాణం మీదికి వచ్చిన వేళ గురించి ఇంత తేలికగా చెప్పగలిగిన మనిషిని, పైకి కనిపించే గంభీరమైన ముఖం చూసి నీరసమైన లెక్కల మనిషి అనుకోకూడదు.

మారుపేర్లతో తిరిగి తిరిగి, స్విట్జర్లాండు, స్పెయిన్, పోర్చుగల్ దాటి 1942 ఆరంభంలో ఆయన లండన్ చేరారు. డీగాల్ ఆఫీసులో ఏదైనా కుర్చీ దొరికేది. కాని ఆయన కోరుకున్నది విమానం. లొరెయిన్ అనే ఫ్రెంచి బాంబర్ దళంలో దారి చూపే నావికుడుగా చేరి శత్రువు మీద దాడులలో పాల్గొన్నారు. పారిపోయాడన్న తీర్పుకు ఇదే ఆయన ఇచ్చిన జవాబు. 1943 నవంబరులో డీగాల్ ఆయనను అల్జీర్స్‌కు పిలిపించి ఆర్థిక శాఖ అప్పగించారు. 1944 జులైలో అమెరికాలోని బ్రెటన్ వుడ్స్‌లో ప్రపంచ బ్యాంకుకూ అంతర్జాతీయ ద్రవ్యనిధికీ పునాది వేసిన మహాసభకు ఫ్రెంచి బృందం నాయకుడు ఆయనే.

విడుదలైన ఫ్రాన్సులో ఆయన జాతీయ ఆర్థిక మంత్రి. యుద్ధకాలంలో నోట్లు విపరీతంగా అచ్చయ్యాయి. సరుకులు లేవు. పాత నోట్లన్నీ వాపసు తీసుకొని, కొత్తవి కొంతమేరకే ఇచ్చి, బ్యాంకు ఖాతాలను కట్టుదిట్టం చేయాలనీ, లేకపోతే ధరలు ఆకాశానికి అంటుతాయనీ ఆయన వాదించారు. బెల్జియం అప్పటికే అటువంటి పని చేసింది. ఆర్థిక శాఖలోని ప్లెవెన్, కష్టాలు పడ్డ ప్రజల మీద మరో కష్టం వద్దన్నారు. డీగాల్ ఇద్దరి వాదాలూ విని ప్లెవెన్ వైపు మొగ్గారు. మెండెస్ ఫ్రాన్స్ 1945 ఏప్రిల్‌లో రాజీనామా ఇచ్చి బయటకు వచ్చారు. ఆ సంవత్సరం చివరకే ఫ్రాంకు విలువ తగ్గించవలసి వచ్చింది. తరువాతి పదేళ్లూ ధరల పెరుగుదల ఫ్రాన్సును పీడిస్తూనే ఉన్నది. అయితే చేదు మందు మింగించడానికి రోగి ఒప్పుకోవాలి కదా. ఆ ఒప్పుదల సంపాదించే నేర్పు ఆయనకు అప్పటికి తక్కువేనని ఒప్పుకోక తప్పదు.

తరువాతి తొమ్మిదేళ్లు ఆయన మంత్రివర్గాలకు దూరంగా ఉన్నారు. ప్రభుత్వాలు ఆరు నెలలకు ఒకటి చొప్పున పడుతూ లేస్తూ ఉండేవి. ఇండోచైనా యుద్ధం మాత్రం ఆగలేదు. 1950 అక్టోబరులో, చైనా సరిహద్దున ఫ్రెంచి దళాలు ఘోరంగా దెబ్బతిన్న వెంటనే, ఆయన పార్లమెంటులో లేచి ఒక లెక్క అప్పజెప్పారు. గెలవాలంటే మూడింతలు సైన్యం, మూడింతలు డబ్బు కావాలి. అంత ఇవ్వడానికి సిద్ధమా? అయితే పన్నులు పెంచండి, కుర్రవాళ్లను పంపండి. కాదంటే హో చి మిన్‌తో కూర్చొని మాట్లాడండి. రెండూ చేయకుండా మనుషులను చంపుకోవడం తగదని ఆ వాదన సారాంశం. సభ వినలేదు. 1953 జూన్‌లో ఆయన ప్రధాని కావడానికి ప్రయత్నించినప్పుడు 314 ఓట్లు అవసరం కాగా 301 వచ్చాయి. పదమూడు ఓట్ల తేడాతో ఒక ఏడాది పోయింది. ఆ ఏడాదిలోనే దియెన్ బియెన్ ఫూ కోట కథ నడిచింది.

1954 మే 7న ఆ కోట పడిపోయింది. జూన్ 12న లానియెల్ ప్రభుత్వం పడిపోయింది. ఇక్కడ మన యానాం సంగతి కలుస్తుంది. సరిగ్గా ఆ మరునాడు, జూన్ 13న, పారిస్‌లో ప్రభుత్వం లేని వేళ, దడాల రఫేల్ రమణయ్య నాయకత్వంలో విమోచన వీరులు యానాంలో ప్రవేశించి భారత జెండా ఎగురవేశారు. రమణయ్య ఒకప్పుడు ఫ్రెంచి పోలీసు శాఖలోనే పనిచేసినవారు. పారిస్‌లో భారత్‌తో జరిగిన చర్చలు కూడా కొద్ది రోజుల ముందే విఫలమై ఉన్నాయి.

జూన్ 18 తెల్లవారకముందు మెండెస్ ఫ్రాన్స్ ప్రధాని అయ్యారు. 419 ఓట్లు అనుకూలం, 47 వ్యతిరేకం. కమ్యూనిస్టులు ఓటు వేసినా ఆ ఓట్లను తాను లెక్కలోకి తీసుకోనని ముందే చెప్పారు. అవి తీసివేసినా మెజారిటీ మిగిలింది. ఆ రాత్రి ఆయన చేసిన మరో ప్రతిజ్ఞ దేశాన్ని నివ్వెరపరచింది. జులై 20లోగా ఇండోచైనాలో కాల్పులు ఆపిస్తాను, లేకపోతే రాజీనామా ఇస్తాను అన్నారు. పెళ్లికి ముహూర్తం పెట్టినట్టు సంధికి తేదీ పెట్టిన ప్రధానిని ఎవరూ ఎరుగరు. పైగా, సంధి కుదరకపోతే దిగిపోయేముందు నిర్బంధ సైనికులను అక్కడికి పంపే చట్టం తానే ప్రవేశపెడతానని కూడా చెప్పారు. అంటే ఇంట్లోవారికీ, బయటివారికీ ఒకే గడియారం చూపించారన్నమాట.

జూన్ 23న బెర్న్ నగరంలో చైనా ప్రధాని చౌ ఎన్ లైని కలిశారు. తరువాత జెనీవాలో ఫామ్ వాన్ డాంగ్‌తో, రష్యా నుంచి మొలొతోవ్‌తో, బ్రిటన్ నుంచి ఈడెన్‌తో రాత్రింబగళ్లు చర్చలు. సభలో స్థానం లేకపోయినా మన వి.కె. కృష్ణమీనన్ కూడా జెనీవాలో మకాం వేసి అందరి గదులకూ తిరుగుతూ మాటలు కలిపారు. గీత ఎక్కడ గీయాలన్నది పెద్ద పేచీ. చివరకు 17వ అక్షాంశం దగ్గర కుదిరింది. జులై 20 రాత్రి అంతా అయిందనుకునేసరికి కంబోడియా ప్రతినిధులు సంతకం పెట్టమని మొరాయించారు. సభాభవనంలోని గడియారాన్ని అర్ధరాత్రి దగ్గర ఆపివేసి, తెల్లవారుజామున సంతకాలు పూర్తి చేశారు. మాట కొన్ని గంటలు తప్పింది గాని తప్పలేదనే లోకం లెక్కకట్టింది. సంధి అమలు చూడడానికి ఏర్పడిన అంతర్జాతీయ సంఘానికి భారతదేశం అధ్యక్షత వహించింది. కెనడా, పోలెండు సభ్యదేశాలు. 1956లో జరగవలసిన ఎన్నికలు జరగకపోవడం, ఆ దేశం మళ్లీ అగ్నికి ఆహుతి కావడం తరువాతి కథ. దానికి మెండెస్ ఫ్రాన్స్ బాధ్యులు కారు.

జులై 31న ఆయన మార్షల్ జ్వేన్‌ను వెంటబెట్టుకొని ట్యునీషియాకు విమానంలో వెళ్లి, కార్తేజ్‌లో, ఆ దేశానికి అంతరంగిక స్వపరిపాలన ఇస్తున్నట్టు ప్రకటించారు. మార్షల్‌ను పక్కన నిలబెట్టుకోవడంతో అక్కడి ఫ్రెంచి వలసదారుల నోళ్లు కొంత మూతపడ్డాయి. 1956లో ట్యునీషియా పూర్తి స్వతంత్రం పొందింది. ఇక ఐరోపా దేశాల ఉమ్మడి సైన్యం ప్రతిపాదన ఆగస్టు 30న పార్లమెంటులో వీగిపోయింది. ఆయన దానిని కాపాడడానికి తన ప్రభుత్వాన్ని పణంగా పెట్టలేదు. ఆ పథకాన్ని ప్రేమించినవారు ఆయనను ఎన్నడూ క్షమించలేదు.

ఇంటి వ్యవహారాలలో ఆయన చేసిన పని మన ఆడవారికి నచ్చుతుంది. ఫ్రాన్సులో తాగుడు వల్ల కాపురాలు కూలుతున్నాయని ఆయన నమ్మకం. బడిపిల్లలకు పాలు పంచే ఏర్పాటు చేశారు. బహిరంగంగా తానే పాల గ్లాసు ఎత్తి తాగేవారు. పళ్లతోటల యజమానులకు పన్ను లేకుండా సారా కాచుకొనే హక్కు తరతరాలుగా ఉండేది. దానికి కోత పెట్టారు. ఆయనను గెలిపించిన నార్మండీ, ఆపిల్ సారాకు పుట్టినిల్లు! సొంత ఓటర్ల ఇంటి కుండ మీదనే చెయ్యి వేసిన రాజకీయులు ఎక్కడైనా ఎంతమంది ఉంటారు? ద్రాక్ష, సారా వర్తకులు కత్తి కట్టారు. పాలు తాగే యూదుడని వ్యంగ్య చిత్రాలు వేశారు. శనివారం సాయంత్రాలు ఆయన రేడియోలో జనంతో నేరుగా, తేలిక మాటలలో, ప్రభుత్వం ఏమి చేస్తున్నదో చెప్పేవారు. జనం విన్నారు. తమను దాటి జనంతో మాట్లాడుతున్నాడని పార్టీల పెద్దలు మండిపడ్డారు.

భారత్‌తో సంగతి ఈ ప్రభుత్వం కిందనే తేలింది. అక్టోబరు 18న పాండిచ్చేరి దగ్గరి కీళూరు అనే పల్లెలో, ఎన్నికైన ప్రతినిధులు 178 మంది సమావేశమై ఓటు వేశారు. 170 మంది భారత్‌లో చేరడానికే మొగ్గారు. ఎనిమిది మంది కాదన్నారు. మూడు రోజులకు, అక్టోబరు 21న, ఢిల్లీలో ఒప్పందం మీద సంతకాలయ్యాయి. నవంబరు 1న పాండిచ్చేరిలో కేవల్ సింగ్ భారతదేశం తరఫున పాలన స్వీకరించారు. ఫ్రెంచి చదువులకూ, అక్కడి ప్రత్యేక ఆచారవ్యవహారాలకూ చోటు మిగిలింది. 1955లో పాండిచ్చేరిలో ఫ్రెంచి విద్యాసంస్థ ప్రారంభమైంది. గోవాలో పోర్చుగీసువారు 1961 దాకా మొండికేసి చివరకు సైన్యం ముందు లొంగిన తీరు చూస్తే, ఫ్రెంచివారు వెళ్లిన తీరు ఎంత మర్యాదగా ఉన్నదో తెలుస్తుంది.

కాని అదే నవంబరు 1! ఆ రోజు తెల్లవారుజామునే అల్జీరియా అంతటా తిరుగుబాటుదారుల బాంబులు పేలాయి. ఇండియాలో జెండా మర్యాదగా దిగిన రోజునే ఆఫ్రికాలో ఎనిమిదేళ్ల యుద్ధం మొదలైంది. ఇండోచైనాలో మాట్లాడుకుందామన్న మనిషి, ట్యునీషియాకు స్వయంగా వెళ్లిన మనిషి, నవంబరు 12న పార్లమెంటులో నిలబడి, అల్జీరియా జిల్లాలు ఫ్రాన్సులో విడదీయరాని భాగమని చెప్పి సైన్యం పంపారు. అప్పటి ఆయన హోంమంత్రి ఫ్రాన్స్వా మిట్టరాండ్ కూడా అదే పాట పాడారు. అక్కడ పది లక్షల మంది ఐరోపా జాతులవారు స్థిరపడి ఉన్నారనీ, వేరే మాట అంటే ఆ సాయంత్రమే ప్రభుత్వం కూలేదనీ ఆయన అభిమానులు సమర్థిస్తారు. అది నిజమే కావచ్చు. అయినా 1950లో తానే వేసిన లెక్కను 1954లో ఆయన వేయలేదు. ఆయనను గౌరవించేవారు ఈ చోటును దాటవేయడం నాకు నచ్చదు.

ఆ మాట చెప్పినా ఫలితం దక్కలేదు. అల్జీరియాలో ముస్లిములకు కొన్ని హక్కులు అమలు చేయబోతున్నాడన్న అనుమానమే వలసదారుల నాయకులకు చాలింది. 1955 ఫిబ్రవరి 5న ఉత్తర ఆఫ్రికా చర్చ మీద 319 ఓట్లు వ్యతిరేకంగా, 273 అనుకూలంగా పడి ప్రభుత్వం కూలింది. దెబ్బ కొట్టినవారిలో ఆయన సొంత పార్టీ పెద్ద రెనే మేయర్ మొదటివాడు. ఓటు అయిన తరువాత ఓడిన ప్రధాని మౌనంగా వెళ్లిపోవడం ఆచారం. ఆయన ఆచారం మీరి మళ్లీ వేదిక ఎక్కి, జరిగిన పని చెరిగిపోదని చెప్పబోయారు. బల్లలు చరిచి, కేకలు వేసి, ఆయన గొంతు వినబడకుండా చేశారు.

1956 జనవరి ఎన్నికలలో ఆయన కూటమే ముందు నిలిచింది. జనం ఆయనే ప్రధాని అనుకున్నారు. అధ్యక్షుడు కోటీ, గీ మొలేను పిలిచారు. శాఖ లేని మంత్రిగా నాలుగు నెలలు కూర్చొని, అల్జీరియాలో మొలే నడిపే దండనీతి తన మనస్సుకు సరిపడక, మే 23న రాజీనామా ఇచ్చారు. తప్పు దిద్దుకోవడం అంటే అదే కావచ్చు, కొంత ఆలస్యంగానైనా.

1958లో సైన్యం బెదిరింపుల నీడలో డీగాల్ తిరిగి వచ్చినప్పుడు ఆయన వ్యతిరేకించారు. డీగాల్ మీద గౌరవం చావలేదు, ఆ వచ్చిన దారి నచ్చలేదు. ఆ నవంబరులో, పాతికేళ్లుగా నెగ్గిన సొంత జిల్లాలోనే ఓడిపోయారు. తరువాత సోషలిస్టులలో కలిశారు. 1967లో గ్రెనోబ్ల్ నుంచి గెలిచారు. 1968 మేలో విద్యార్థుల కల్లోలం నడుమ షార్లెతీ స్టేడియం సభకు వెళ్లి, మాట్లాడకుండా కూర్చొని వచ్చారు. ఆ మౌనానికి కూడా జూన్ ఎన్నికలలో మూల్యం చెల్లించారు. 1969లో గాస్తోన్ దెఫెర్ అధ్యక్ష పదవికి నిలిచి, గెలిస్తే మెండెస్ ఫ్రాన్స్ ప్రధాని అని ప్రకటిస్తే, వచ్చినవి నూటికి అయిదు ఓట్లు! ఇంతగా గౌరవించే జనం ఓటు మాత్రం వేయలేదు.

యానాం కాగితాల కథ కూడా ఈలోగా సాగుతూనే ఉన్నది. 1956 మే 28న పూర్తి ఒడంబడిక మీద సంతకాలు జరిగినా, ఫ్రెంచి పార్లమెంటు దానిని ఏళ్లతరబడి పక్కన పెట్టింది. అల్జీరియా రగులుతున్నంతకాలం మరో భూమిని వదులుకునే కాగితం ముందుకు కదల్లేదు. 1962 జులైలో అల్జీరియా స్వతంత్రమైంది. ఆగస్టు 16న యానాం, పాండిచ్చేరి, కారైకాల్, మాహేలు చట్టరీత్యా భారతదేశంలో చేరాయి. నాటి వాసులలో కొందరు ఫ్రెంచి పౌరసత్వం ఎంచుకున్నారు. వారి పిల్లలు నేటికీ ఫ్రాన్సులో ఉన్నారు.

1981 మే 21న, మిట్టరాండ్ అధ్యక్షుడుగా ప్రమాణం చేసిన రోజున, ఎలీజే భవనంలో వరుసగా నిలిచిన అతిథుల మధ్య వృద్ధుడైన మెండెస్ ఫ్రాన్స్ దగ్గరకు వచ్చి ఆగి, ఆయనను కౌగిలించుకున్నారు. ఎప్పుడూ చలించని ఆ ముఖం మీద కన్నీళ్లు కనిపించాయి. ఆరోగ్యం అప్పటికే దెబ్బతిన్నది. ఆయనకు ఏ పదవీ అడగాలని లేదు, ఎవరూ ఇవ్వలేదు.

1982 అక్టోబరు 18న పారిస్‌లోని తన ఇంట్లో, వ్రాతబల్ల దగ్గర పనిచేసుకుంటూనే కన్నుమూశారు. కీళూరులో 178 మంది ఓటు వేసి అది ఇరవై ఎనిమిదో సంవత్సరం, అదే తేదీ. తొమ్మిది రోజుల తరువాత, ఒకనాడు ఆయనను మాట్లాడనివ్వని పార్లమెంటు భవనం ముందే, ఫ్రాన్సు ప్రభుత్వం ఆయనకు జాతి తరఫున నివాళి అర్పించింది.